అప్పీలు నడుస్తుండగా రెస్పాండెంటు చనిపోయారు, 90 రోజులు దాటిపోయింది. వారసులను ఎలా చేర్చాలి?

సివిల్ జూనియర్ (ప్రశ్న)

పెద్దలందరికీ నమస్కారం. జిల్లా కోర్టులో పెండింగులో ఉన్న ఒక అప్పీలు సూటు గురించి సలహా కావాలి.

మూలం పార్టిషన్ (ఆస్తి పంపకం) దావా. వాది ఇంటి ఆడపడుచు. 1వ ప్రతివాది ఆవిడ పెద్దన్న, 2వ ప్రతివాది చిన్నన్న, 3వ ప్రతివాది ఆ చిన్నన్న పెద్ద కొడుకు. చిన్నన్న దావా ఆస్తుల్లో ఐటం 2లో కొంత భాగం పెద్ద కొడుక్కి గిఫ్ట్ డీడు రాశాడు కాబట్టి అతన్నీ పార్టీ చేశారు. 2021లో సీనియర్ సివిల్ జడ్జి కోర్టు దావా కొట్టేసింది. వాది అప్పీలు వేశారు. మేము అప్పీలుదారు తరఫు.

2వ రెస్పాండెంటు (దావాలో 2వ ప్రతివాది, అంటే చిన్నన్న) 2024 ఆగస్టు 14న చనిపోయారు. 2025 ఫిబ్రవరి 17 వాయిదాకి వారి వకీలు గారు మరణ ధ్రువపత్రం నకలు జతచేసి మెమో వేశారు. కోర్టు స్టెప్స్ (వారసులను చేర్చే చర్యలు) కోసం మార్చి 10కి వాయిదా వేసింది. వారసులు భార్య, పెద్ద కొడుకు (ఇప్పటికే 3వ రెస్పాండెంటు), చిన్న కొడుకు, పెళ్లయిన కూతురు. తల్లి దావా వేయకముందే కాలం చేశారు.

నా సందేహాలు ఇవి. వారసులను చేర్చడానికి ఉన్న 90 రోజులు మెమో వేసిన రోజు నుంచి లెక్కా, చనిపోయిన రోజు నుంచి లెక్కా? పెద్ద కొడుకు ఎలాగూ రికార్డు మీద ఉన్నాడు కాబట్టి ఒక మెమో వేసి ఊరుకోవచ్చా? గడువు దాటి అబేట్ అయితే (కేసు రద్దయితే) చనిపోయినాయన వరకేనా, అప్పీలు మొత్తమా? కూతురు ఎక్కడ ఉంటుందో మా క్లయింటుకి సరిగ్గా తెలియదు.

మొఫస్సిల్ వకీలు

మొదటి సందేహానికి అనుమానమే లేదండి. చనిపోయిన రోజు నుంచే లెక్క. లిమిటేషన్ చట్టం 1963 ఆర్టికల్ 120 ప్రకారం వారసులను చేర్చడానికి 90 రోజులు, అది మరణించిన తేదీ నుంచి మొదలవుతుంది. మీకు ఎప్పుడు తెలిసింది, మెమో ఎప్పుడు వచ్చింది అన్నవి ఆలస్యానికి కారణం చెప్పుకోవడానికి పనికొస్తాయి తప్ప గడువును పెంచవు. మెమో వచ్చిన రోజు నుంచి 90 రోజులు ఉందనుకుని తాపీగా కూర్చోవడం ఈ విషయంలో అన్నిటికంటే ఎక్కువగా జరిగే పొరపాటు.

మీ కేసులో తేదీలు వేసి చూద్దాం. మరణించిన రోజును వదిలేసి లెక్కపెడితే 90వ రోజు 2024 నవంబరు 12. ఆ రోజు దాటగానే అప్పీలు ఆయన మేరకు దానంతట అదే అబేట్ అవుతుంది. కోర్టు ఉత్తర్వు రాయనక్కర్లేదు. జడ్జి గారు డాకెట్ మీద ఏమీ రాయలేదు కదా, ఇంకా అబేట్ కాలేదని వాదించకండి.

తర్వాత ఆర్టికల్ 121. అబేట్‌మెంటు రద్దు చేయమని అడగడానికి 60 రోజులు. అంటే మరణం నుంచి 150వ రోజు, 2025 జనవరి 11. ఆ లోపు వేసి ఉంటే రెండు పిటిషన్లు సరిపోయేవి, ఆలస్యం మాఫీ పిటిషన్ అక్కర్లేదు. ఇప్పుడు అదీ దాటింది కాబట్టి మూడు పిటిషన్లు వేయాలి.

ఒకటి, లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యం మాఫీకి. రెండు, సివిల్ ప్రొసీజర్ కోడ్ (సి.పి.సి.) ఆర్డరు 22 రూలు 9(2) కింద అబేట్‌మెంటు రద్దుకు. మూడు, ఆర్డరు 22 రూలు 4 కింద వారసులను చేర్చడానికి. ఇది అప్పీలు కాబట్టి చివరి రెండింటిలోనూ అదే ఆర్డరు రూలు 11 కలిపి రాయండి. వాది అన్న చోట అప్పీలుదారు, ప్రతివాది అన్న చోట రెస్పాండెంటు, దావా అన్న చోట అప్పీలు అని చదువుకోమని చెప్పేది ఆ రూలే.

ఆలస్యం రోజుల లెక్కలో చాలామంది తడబడతారు. మీరు మార్చి 10న దాఖలు చేస్తే ఆలస్యం 58 రోజులు, అంటే జనవరి 12 నుంచి మార్చి 10 వరకు. 208 కాదు, 118 కాదు. 208 మరణం నుంచి లెక్క, 118 అబేట్ అయిన దగ్గర్నుంచి లెక్క. ఎక్కువ రాస్తే పోయేదేముంది అనుకోకండి. లేని ఆలస్యాన్ని నెత్తిన వేసుకుంటే ఎదుటివారు కౌంటరులో (జవాబులో) దాన్నే పట్టుకుంటారు. తక్కువ రాస్తే ఇంకా ప్రమాదం, మిగిలిన రోజులకు మాఫీ లేనట్టే. దాఖలు ఒక రోజు జరిగితే అంకె కూడా జరుగుతుంది కాబట్టి ఖాళీ వదిలి ఆ రోజే నింపండి. అఫిడవిట్టులో, పిటిషనులో, ప్రార్థనలో మూడు చోట్లా ఒకే అంకె ఉందో లేదో చూసుకోండి.

మూడింటిలో ఒకటి మర్చిపోతే కేసు పోయినట్టేనా అంటే, పోదు. మితైలాల్ కేసులో 2003లో సుప్రీంకోర్టు చెప్పింది ఏమిటంటే, వారసులను చేర్చమన్న ప్రార్థనలోనే అబేట్‌మెంటు రద్దు ప్రార్థన ఇమిడి ఉన్నట్టు చూడవచ్చు, ఈ విషయంలో న్యాయదృష్టి ఉండాలి గాని సాంకేతిక పట్టుదల కాదు అని. కానీ అది జారిపడ్డవాడికి ఆసరా. ముందే తెలిసినవారు మూడూ విడివిడిగా వేయడమే పద్ధతి.

పాత గుమాస్తా

వకీలు గారు చట్టం చెప్పారు. ఫైలింగు సెక్షన్లో రిటర్న్ కాకుండా ఉండాలంటే చూసుకోవాల్సినవి నేను చెబుతాను.

మూడు ఐ.ఏ.లకీ (మధ్యంతర పిటిషన్లకీ) విడివిడిగా పిటిషను, అఫిడవిట్టు, కోర్టు ఫీజు స్టాంపు ఉండాలి. చేర్చబోయే వారసులను ఐ.ఏ. టైటిల్లోనే ప్రతిపాదిత రెస్పాండెంట్లుగా చూపాలి. ఇది మర్చిపోయి పాత ముగ్గురి పేర్లతోనే టైటిల్ కొట్టి తెచ్చేవాళ్లు చాలామంది. చనిపోయినాయన పేరు ఐ.ఏ.లో బతికున్న పార్టీలా ఉండకూడదు, పక్కన మరణించారు అని రాయాలి.

ప్రతి వారసుడికీ పూర్తి పేరు, తండ్రి లేదా భర్త పేరు, వయసు, వృత్తి, ఇంటి నంబరుతో చిరునామా, చనిపోయినాయనతో బంధుత్వం రాయండి. వయసు రాయకపోతే మైనరా కాదా అని ఆబ్జెక్షన్ వస్తుంది. నిజంగా మైనరు ఉంటే ఆర్డరు 32 కింద గార్డియన్ పిటిషను కూడా అదే రోజు పెట్టేయండి. దాన్ని వదిలేస్తే మిగతావన్నీ ఆగిపోతాయి.

అఫిడవిట్టు మొదటి పేరాలోనే మరణించిన తేదీ రావాలి. "సుమారు ఆరు నెలల క్రితం" అని రాస్తే ఖాయంగా తిరిగొస్తుంది. ధ్రువపత్రం ఎదుటివారి మెమోకి జతచేశారు కాబట్టి ఆ మెమోకి సర్టిఫైడ్ కాపీ అప్లికేషన్ వేసి నకలు తీసుకుని దగ్గర పెట్టుకోండి. ఎదుటివారు ఇవ్వని కేసుల్లో పంచాయతీ లేదా మునిసిపాలిటీ జనన మరణాల రిజిస్టరు నుంచి తెప్పించుకోవచ్చు.

ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్ ఉంటే మంచిదే. అది తహసీల్దారు ఇచ్చేది, కుటుంబంలో ఎవరెవరు ఉన్నారో చెప్పేంతవరకే పనికొస్తుంది, దానితో హక్కు తేలదు. ఎదుటి పార్టీ కుటుంబం సర్టిఫికెట్ మీ క్లయింటుకి ఇవ్వరు, అది లేదని ఆగకండి. అఫిడవిట్టులో ప్రమాణం చేసి చెబితే చాలు. సక్సెషన్ సర్టిఫికెట్ అయితే ఈ దశలో అసలు అక్కర్లేదు.

నోటీసు కోసం బట్టా (నోటీసు పంపే ఖర్చు) కట్టడం, పోస్టు కవర్లు పెట్టడం వాయిదా దాకా ఆపొద్దు. ఆర్డరైన రోజే పెట్టండి. బట్టా కట్టలేదని ఎల్.ఆర్. (వారసులను చేర్చే) పిటిషన్ డిస్మిస్ అయితే దాన్ని పునరుద్ధరించడానికి మళ్లీ ఇంకో పిటిషను, మళ్లీ ఆలస్యం.

తాలూకా బార్

అప్పీలు కదా, ఇంత శ్రమ ఎందుకండీ. ఆర్డరు 22 రూలు 4(4) కింద వారసులను చేర్చకుండా మినహాయింపు అడిగితే సరిపోదా? కోర్టులు ఇస్తున్నాయి.

మొఫస్సిల్ వకీలు

ఈ కేసులో కుదరదండి. 4(4) మినహాయింపు రాతపూర్వక జవాబు వేయని ప్రతివాదికి, లేదా వేసి కూడా విచారణలో హాజరై పోటీ చేయని ప్రతివాదికి. ఇక్కడ 2వ ప్రతివాది జవాబు వేశారు, దావాలో పోరాడారు, అప్పీలులో వకాలతు ఉంది. పైగా ఆయన కేవలం పేరుకి ఉన్న పార్టీ కాదు, ఆస్తిలో వాటాదారు.

ఎక్స్‌పార్టీగా (కోర్టుకు హాజరు కాకుండా) మిగిలిపోయిన లాంఛన రెస్పాండెంట్ల విషయంలో ఆ దారి మంచిదే. కానీ తీర్పు చెప్పకముందే మినహాయింపు ఉత్తర్వు చేతిలో ఉండాలి. తీర్పు వచ్చాక వెనక్కి వెళ్లి మినహాయింపు ఇమ్మంటే చెల్లదని సుప్రీంకోర్టు ఒకటికి రెండుసార్లు చెప్పింది.

అప్పీళ్ల సెక్షన్

జూనియర్ గారి రెండో, మూడో సందేహాలకు వస్తాను. అసలు సరుకంతా అక్కడే ఉంది.

పెద్ద కొడుకు 3వ రెస్పాండెంటుగా ముందు నుంచీ ఉన్నాడు. చనిపోయిన పార్టీ వారసుల్లో ఒకరు వేరే హోదాలో అప్పటికే రికార్డు మీద ఉంటే ఆస్తికి ప్రాతినిధ్యం ఉన్నట్టేనని, ఆ కారణంగా అబేట్ కాదని సుప్రీంకోర్టు 1960ల నుంచీ చెబుతూ వచ్చింది. మహాబీర్ ప్రసాద్ వర్సెస్ జగే రామ్ కేసు చూడండి. అతను వారసుడి హోదాలో కూడా ఉన్నాడని ఒక దరఖాస్తు ద్వారా నమోదు చేయిస్తే చాలంటుంది. కాబట్టి మీకు ఇది బలమైన పాయింటు. మూడు పిటిషన్లలోనూ ఒక పేరా దీనికి పెట్టండి: "3వ రెస్పాండెంటు మృతుని వారసుడు, ఇప్పటికే రికార్డు మీద ఉన్నందున అప్పీలు అబేట్ కాలేదు. అయినా కోర్టు వారు అబేట్ అయిందని భావిస్తే ప్రత్యామ్నాయంగా ఈ పిటిషను" అని.

అయితే దీన్నే నమ్ముకుని మెమో ఒక్కటీ వేసి వదిలేయడం నాకు ఏమాత్రం ఇష్టం లేదు. రెండు కారణాలు. ఒకటి, ఇక్కడ పెద్ద కొడుకు గిఫ్ట్ డీడు హక్కుదారు. తండ్రి మిగతా వాటా విషయంలో తల్లికీ, తమ్ముడికీ, చెల్లెలికీ అతనికీ మధ్య పొత్తు కుదరకపోవచ్చు. తన గిఫ్ట్ కాపాడుకోవడానికి పోరాడతాడు తప్ప వాళ్ల తరఫున పోరాడతాడని చెప్పలేం. తర్వాత మిగతావాళ్లు వచ్చి మా ప్రయోజనాలు అతనికి విరుద్ధం, మాకు ప్రాతినిధ్యం లేదంటే మీ దగ్గర జవాబు ఉండదు. రెండు, ఇది పార్టిషన్. ప్రిలిమినరీ డిక్రీ (ఎవరి వాటా ఎంతో చెప్పేది) వచ్చాక ఫైనల్ డిక్రీ, కమిషనరు, మెట్స్ అండ్ బౌండ్స్ (సరిహద్దుల) కొలతలు, స్వాధీనం, ఇంత దూరం ఉంది. ఎవరో ఒక వాటాదారుకి నోటీసు లేదన్న పాయింటు ఆ దారిలో ఏ మలుపులోనైనా లేస్తుంది. ఇప్పుడు నలుగురినీ చేర్చడం చాలా తేలిక.

ఇక అబేట్ అయితే ఎంతవరకు? నాథూరాం కేసులో (పంజాబ్ రాష్ట్రం వర్సెస్ నాథూరాం, 1962) పరీక్షలు ఉన్నాయి. మిగతా రెస్పాండెంట్ల మీద అప్పీలు గెలిస్తే, చనిపోయినాయన మేరకు ఫైనలైన డిక్రీతో అది ఢీకొంటుందా? ఆయన్ని వదిలేసి మిగతావారి మీద మాత్రమే ఆ దావా వేయడం సాధ్యమయ్యేదా? వచ్చిన డిక్రీ అమలవుతుందా? పార్టిషన్‌కి ఇవి పెట్టి చూడండి. ట్రయల్ కోర్టు వాదికి వాటా లేదంది. 2వ రెస్పాండెంటు మేరకు ఆ మాట ఫైనల్. ఇప్పుడు అప్పీలు కోర్టు 1వ రెస్పాండెంటు మీద వాటా ఉందంటే, ఒకే ఆస్తిలో ఒకరితో వాటా ఉంది, ఒకరితో లేదు అన్నట్టు రెండు విరుద్ధమైన డిక్రీలు. వాటాదారుల్లో ఒకరిని వదిలేసి పార్టిషన్ దావా నడవదు కూడా. కాబట్టి అబేట్‌మెంటు నిలబడితే అప్పీలు మొత్తం పోతుంది. ఎదుటి పక్షం ఎత్తుకోబోయే వాదన ఇదే, సిద్ధంగా ఉండండి.

హక్కులు ఎవరివి వారికి విడిగా ఉండి, డిక్రీ విడదీయగలిగినదైతే చనిపోయినవారి మేరకే పోతుంది. సర్దార్ అమర్‌జిత్ సింగ్ కాల్రా కేసులో 2002లో ఐదుగురు జడ్జీల బెంచి దీన్ని వివరంగా చర్చించింది, వారసులను చేర్చే విషయంలో ఉదారంగా ఉండాలనీ గట్టిగా చెప్పింది. ఆలస్యం మాఫీ వాదనలో అది మీకు పనికొస్తుంది.

సివిల్ జూనియర్

అందరికీ ధన్యవాదాలండి. రెండు విషయాలు ముందు చెప్పలేదు.

మొదటిది, మా క్లయింటు చనిపోయినాయన సొంత చెల్లెలు. మరణవార్త ఆవిడకి ఆ వారంలోనే తెలిసింది. వకీలుకి చెప్పాలని తెలియదట. "మెమో వచ్చాకే తెలిసింది" అని రాద్దామని ఆఫీసులో ఒకరన్నారు.

రెండోది, తండ్రి తన పేరున వీలునామా రాశాడని చిన్న కొడుకు ఊళ్లో చెబుతున్నాడు. అలాంటప్పుడు మిగతావాళ్లను చేర్చాలా, అతన్ని ఒక్కడినే చేర్చాలా?

మొఫస్సిల్ వకీలు

ఆ అబద్ధం రాయొద్దు. దయచేసి రాయించొద్దు. సొంత అన్న చావు ఆరు నెలల దాకా తెలియలేదని ప్రమాణం చేస్తే, కౌంటరులో ఆవిడ కర్మలకి వచ్చిందనీ, పది మంది చూశారనీ రాస్తారు, ఇద్దరు బంధువుల అఫిడవిట్లు పెడతారు. అప్పుడు పోయేది ఆలస్యం పిటిషనొక్కటే కాదు. అప్పీలులో ఆవిడ చెప్పే ప్రతి మాట మీదా జడ్జి గారికి అనుమానం పడుతుంది. నిజం మీకు అనుకూలంగానే ఉంది.

నిజాన్ని ఇలా పేర్చండి. అన్న చనిపోయిన సంగతి తెలుసు. అప్పీలులో ఆయన వారసులను ఫలానా గడువులో చేర్చాలన్న చట్టం తెలియదు. ఆ కాలంలో అప్పీలు వాదనలకు పిలవలేదు కాబట్టి వకీలును కలవాల్సిన అవసరం రాలేదు. (డైరీ తీసి ఆ మధ్య వాయిదాలు ఏవి, ఎందుకు పడ్డాయో ఒక్కొక్కటీ రాయండి. నిజంగా వాదనలకు పిలిచి ఉంటే ఈ మాట రాయకూడదు.) ఎదుటి వకీలుకు కూడా ఆర్డరు 22 రూలు 10ఎ కింద తన క్లయింటు మరణం తెలిసిన వెంటనే కోర్టుకు తెలియజేసే బాధ్యత ఉంది, ఆ సమాచారం ఫిబ్రవరి 17న మాత్రమే వచ్చింది. ఆ రోజు నుంచి మార్చి 10 దాకా ఏం చేశారో చెప్పండి: వారసుల వివరాలు సేకరించడం, చిరునామాల కోసం వెదకడం, అఫిడవిట్టు తయారీ. మెమో వచ్చాక గడిచిన మూడు వారాలకు లెక్క చెప్పకపోతే ముందున్న ఆరు నెలలకు ఎంత మంచి కారణం చెప్పినా బలం తగ్గుతుంది.

దీనికి ఆధారం పెరుమోన్ భగవతి దేవస్వం కేసు, 2008. అప్పీలు వేయడంలో ఆలస్యాన్ని చూసే కంటితో అబేట్‌మెంటు రద్దులో ఆలస్యాన్ని చూడకూడదనీ, ఇక్కడ కోర్టులు మరింత ఉదారంగా ఉండాలనీ, ఎన్ని రోజులన్నది కాదు కారణం ఎంత నిజాయితీగా ఉందన్నది ముఖ్యమనీ అందులో ఉంది. అప్పీలు ఏళ్ల తరబడి విచారణకు రాకుండా ఉన్నప్పుడు రెస్పాండెంటు బతికున్నాడా లేదా అని అప్పీలుదారు కాపలా కాయనక్కర్లేదని కూడా చెప్పింది. మీ క్లయింటుకి మరణం తెలుసు కాబట్టి ఆ చివరి మాట పూర్తిగా వర్తించదు, మిగతాది వర్తిస్తుంది.

ఇంకో మాట. 91వ రోజుకీ 150వ రోజుకీ మధ్య వేసేవాళ్లు సెక్షన్ 5 అక్కర్లేదు కదా అని కారణం రాయకుండా ఒక్క పేరాతో ముగిస్తారు. రూలు 9(2)లోనే తగిన కారణం చూపాలని ఉంది. ఆ కిటికీలో కూడా కారణం రాయాల్సిందే.

అప్పీళ్ల సెక్షన్

వీలునామా సంగతి. అప్పీలుదారుగా మీరు ఆ వీలునామా నిజమో కాదో తేల్చే పని నెత్తిన పెట్టుకోవద్దు. నలుగురినీ చేర్చండి. చిన్న కొడుకును కొడుకుగానూ, వీలునామా ఉందని చెప్పుకుంటున్న వ్యక్తిగానూ చూపండి. అలా అంటున్నాడని మాత్రమే రాయండి, వీలునామాను ఒప్పుకున్నట్టు ఒక్క మాట కూడా పడకూడదు. వాళ్లలో ఎవరు నిజమైన ప్రతినిధి అన్న తగవు వస్తే రూలు 5 కింద కోర్టు తేలుస్తుంది. అప్పీలు కోర్టు ఆ ప్రశ్నను కింది కోర్టుకు పంపి, సాక్ష్యం తీసుకుని తన అభిప్రాయంతో తిప్పి పంపమనవచ్చు, రూలు 5 ప్రొవైజోలో ఉంది.

ఇక్కడ ఒక జాగ్రత్త. ఆ తగవు లేస్తే అది తేలకుండా అప్పీలు వాదనలు మొదలుపెట్టనివ్వకండి. అందరినీ తాత్కాలికంగా చేర్చుకుని తర్వాత చూద్దాం అని అసలు అప్పీలు తేల్చేయడం తప్పని 2008లో సత్యసాయి సెంట్రల్ ట్రస్టు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అది మన ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన కేసే. చనిపోయిన పార్టీ తరఫున ఎవరు మాట్లాడాలో తేలాకే వాదనలు.

రూలు 5 తీర్పు ఈ కేసు నడిపించడానికి మాత్రమే. దానితో వీలునామా రుజువైపోదు, ఆస్తి హక్కు తేలదు. చిన్న కొడుక్కి అది కావాలంటే వేరే దారి చూసుకుంటాడు.

వారసులను ఎంచేటప్పుడు ఇంకో విషయం. హిందూ పురుషుడికి మొదటి తరగతి వారసుల్లో తల్లి ఉంటుంది. మీ కేసులో ఆవిడ లేరు కాబట్టి సరే, చాలా కేసుల్లో భార్యాబిడ్డలను రాసి ముసలి తల్లిని వదిలేస్తారు. ముందే చనిపోయిన కొడుకు భార్యాపిల్లల్ని వదిలేయడం రెండో తప్పు. పెళ్లయిన కూతుళ్లను వదలడం మూడోది, ఇంకా జరుగుతూనే ఉంది. చనిపోయింది స్త్రీ అయితే లెక్క మారుతుంది, హిందూ వారసత్వ చట్టం సెక్షన్ 15 తెరిచి చూడండి. పిల్లలు లేని స్త్రీకి ఆస్తి పుట్టింటి నుంచి వచ్చిందా, అత్తింటి నుంచి వచ్చిందా అన్నదాన్ని బట్టి వారసులు మారిపోతారు. మంచి విశ్వాసంతో విచారించి కొందరినే చేర్చినా ఆస్తికి ప్రాతినిధ్యం ఉన్నట్టేనని దయారామ్ కేసు అంటుంది. కానీ తెలిసి వదిలేస్తే ఆ కేసు మిమ్మల్ని కాపాడదు.

పాత గుమాస్తా

కూతురి చిరునామా గురించి. ముందు తండ్రి ఇంటి చిరునామాతో, అన్నల కేరాఫ్‌తో ఒక నోటీసు పంపండి. "ఆ చిరునామాలో లేరు" అని తిరిగొస్తే ఆ కవరు జాగ్రత్త చేయండి. అప్పుడు 3వ రెస్పాండెంటు వకీలుని చిరునామా ఇమ్మని మెమో వేయండి, కోర్టు ఆదేశిస్తే ఇస్తారు. అప్పటికీ దొరక్కపోతే ఆర్డరు 5 రూలు 20 కింద పేపరు ప్రకటనకి పిటిషను. ఈ మెట్లు ఎక్కకుండా నేరుగా ప్రకటన అడిగితే కోర్టు ఒప్పుకోదు, ఒప్పుకున్నా ఆ సర్వీసు తర్వాత నిలబడదు.

పిటిషన్లు అలౌ అయ్యాక పని అయిపోయిందనుకునేవాళ్లే ఎక్కువ. అసలు పని అప్పుడు మొదలు. అప్పీలు మెమోలో కాజ్ టైటిల్ (పైన ఉండే పార్టీల పేర్లు) సవరించాలి. భార్య 4వ రెస్పాండెంటు, చిన్న కొడుకు 5, కూతురు 6 అని చేర్చి కింద ఇలా రాయాలి: "2వ రెస్పాండెంటు మరణించినందున, ఐ.ఏ. నంబరు ఇంతలో ఫలానా తేదీ ఉత్తర్వు ప్రకారం 4 నుంచి 6 రెస్పాండెంట్లను వారి వారసులుగా చేర్చడమైనది. 3వ రెస్పాండెంటు కూడా వారసుడిగా నమోదు చేయడమైనది." సవరణకి కోర్టు గడువు పెడుతుంది, పెట్టకపోతే 14 రోజుల్లో చేసేయండి. నీట్ కాపీ దాఖలు చేయండి. ఇంజంక్షన్ ఐ.ఏ. లాంటివి పెండింగులో ఉంటే వాటి టైటిల్ కూడా మార్చాలి. అదే తీర్పు మీద ఇంకో అప్పీలు ఉంటే దాంట్లో వేరుగా మూడు పిటిషన్లు వేయండి, ఒకదాంట్లో చేర్చారు కదా అని రెండోది వదలొద్దు.

చివరికి అప్పీలు డిక్రీ డ్రాఫ్టు వచ్చినప్పుడు కొత్త రెస్పాండెంట్ల పేర్లు అందులో ఉన్నాయో లేదో కళ్లతో చూడండి. కాజ్ టైటిల్ సవరించకుండా వదిలేస్తే డిక్రీలో చనిపోయినాయన పేరే వస్తుంది, ఫైనల్ డిక్రీ పిటిషన్ దగ్గర ఆగిపోతారు.

తాలూకా బార్

4(4) విషయం సరిదిద్దినందుకు ధన్యవాదాలు. ఇదే వరుసలో ఇంకొకటి అడుగుతాను. చనిపోయింది అప్పీలుదారే అయితే? అలాగే ట్రయల్ కోర్టు డిక్రీ అయ్యాక, అప్పీలు వేయకముందే రెస్పాండెంటు చనిపోయి, ఆ సంగతి తెలియక ఆయన పేరు మీదే అప్పీలు వేసేస్తే?

అప్పీళ్ల సెక్షన్

అప్పీలుదారు చనిపోతే రూలు 3. గడువులు అవే. తేడా ఏమిటంటే పిటిషన్ వేయాల్సింది వారసులు, వాళ్ల వకాలతు కొత్తగా తీసుకోవాలి. రూలు 10ఎ ప్రకారం మరణం తెలియజేయడం వరకే పాత వకాలతు బతికి ఉన్నట్టు లెక్క. వారసుల్లో ఒకరు సంతకం పెట్టనంటే మిగతావారు పిటిషన్ వేసి అతన్ని రెస్పాండెంటుగా చూపండి, అతని కోసం 90 రోజులు దాటనివ్వొద్దు. అప్పీలుదారు మేరకు అబేట్ అయితే కింది కోర్టు డిక్రీ ఫైనల్ అవుతుంది, దానితోపాటు స్టే కూడా పోతుంది. డబ్బు డిక్రీ అయితే మర్నాడే ఇ.పి. (డిక్రీ అమలు పిటిషన్) వేయొచ్చు.

రెస్పాండెంటు క్రాస్ అబ్జెక్షన్స్ (అదే డిక్రీ మీద తన అభ్యంతరాలు) వేసి చనిపోతే, వాటి మేరకు ఆయన అప్పీలుదారులాంటివాడు. వాటిని కాపాడుకోవాలంటే ఆయన వారసులే ముందుకు రావాలి. మన పిటిషన్ మన అప్పీలుకే.

అప్పీలు వేసే నాటికే రెస్పాండెంటు చనిపోయి ఉంటే ఆర్డరు 22 వర్తించదు. అది పెండింగులో ఉన్న అప్పీలులో పార్టీ చనిపోతే చూసేది. ఇక్కడ ఆయన మేరకు అప్పీలు పుట్టనే లేదు. రూలు 4 పిటిషన్ వేస్తే రూలు తప్పని కొట్టేస్తారు, ఆ లోపు మరిన్ని నెలలు పోతాయి. వారసులను నేరుగా రెస్పాండెంట్లుగా చూపుతూ అప్పీలు మెమో సవరణకి అడగాలి, వాళ్ల మేరకు అప్పీలు గడువు దాటింది కాబట్టి (జిల్లా కోర్టుకి 30 రోజులు, హైకోర్టుకి 90) దానికి సెక్షన్ 5 పిటిషన్ జత చేయాలి. మరణం తెలియక మంచి విశ్వాసంతో వేశామన్నది ఇక్కడ ప్రాణం. ఓడిపోయిన పార్టీయే అప్పీలు వేయకముందు చనిపోతే వారసులు తమ పేర్లతోనే అప్పీలు వేయాలి, సి.పి.సి. సెక్షన్ 146 కింద అనుమతి పిటిషన్‌తో. చావు వల్ల అప్పీలు గడువు పెరగదు.

వాదనలు ముగిసి తీర్పు రిజర్వ్ అయ్యాక చనిపోతే భయం లేదు. రూలు 6 ప్రకారం అబేట్ కాదు, తీర్పు చెల్లుతుంది. వాదనలు ముగియకముందు చనిపోయి, ఎవరూ చెప్పక తీర్పు వచ్చేస్తే మాత్రం అది చనిపోయిన వ్యక్తి మీదో, వ్యక్తికో ఇచ్చిన డిక్రీ. అలాంటిది చెల్లని డిక్రీ అనీ, ఆ అభ్యంతరం అమలు దశలో కూడా లేవనెత్తవచ్చనీ గుర్నాం సింగ్ కేసులో 2017లో తేల్చారు.

ఇవన్నీ హక్కు వారసులకు సంక్రమించే దావాలకే. పరువునష్టం లాంటి వ్యక్తిగత దావా ఓడిపోయి, వాది అప్పీలులో చనిపోతే హక్కు ఆయనతోనే పోతుంది. గెలిచి డిక్రీ చేతిలో ఉండగా ప్రతివాది అప్పీలు మీద చనిపోతే ఆ డిక్రీ ఆయన ఆస్తిలో భాగం, వారసులు వచ్చి కాపాడుకోవచ్చు.

సివిల్ జూనియర్

స్పష్టమైంది. అఫిడవిట్టులో మరణం తెలుసనే రాస్తున్నాను. 3వ రెస్పాండెంటు పేరా మూడింటిలోనూ పెడుతున్నాను. ఒకే ఒక్క సందేహం. మార్చి 10 వాయిదా రోజే దాఖలు చేయాలా, ముందే చేయొచ్చా?

పాత గుమాస్తా

ఈ వారంలోనే చేసేయండి. ఏదైనా ఆబ్జెక్షన్ వస్తే సరిచేసి వాయిదాలోపు రీప్రెజెంట్ (తిరిగి దాఖలు) చేసుకోవచ్చు. మొదట దాఖలు చేసిన తేదీకే ఆలస్యం లెక్క కట్టండి, 58 అని వకీలు గారు చెప్పింది మార్చి 10కి. మార్చి 3న వేస్తే 51. నంబరయ్యాక నకళ్లు ఎదుటి వకీలుకి ఇచ్చి సంతకం తీసుకోండి. వాయిదా నాటికి వాళ్లు కౌంటరుకి టైమ్ అడగడం తప్ప ఏమీ మిగలదు.